262, 266: రాటిఫికేషన్ ఆగిపోయిన ఒక బీటెక్ కేసు

ఈ కేసులో ఇద్దరు విద్యార్థులున్నారు. ఇంటర్ ఎంపీసీ గ్రూపులో ఒకరికి 600కి 262 మార్కులు, ఇంకొకరికి 266. 262 వచ్చిన అమ్మాయి బీటెక్ పట్టా అందుకుంది. 266 వచ్చిన అబ్బాయి ఏడు సెమిస్టర్లు చదివి ఇంటికి వెళ్లిపోయాడు. ఇద్దరూ ఒకే కాలేజీ, ఒకే బ్రాంచి. ఇద్దర్నీ తప్పుగా చేర్చుకున్నారన్న ఆరోపణా ఒకటే. మొదట ఇద్దరి తరఫునా వకాలత్ వేసింది నేనే. ఎక్కడ దారులు విడిపోయాయో, అప్పుడు నేనేం ఆలోచించానో, ఎక్కడ పొరపాటు చేశానో రాసి పెడుతున్నాను. విద్యాసంస్థల రిట్లు చేసే జూనియర్లకు పనికొస్తుంది. పిల్లల్ని మేనేజ్‌మెంట్ కోటాలో చేర్పించే తల్లిదండ్రులకు ఇంకా ఎక్కువ పనికొస్తుంది. కాలేజీ, యూనివర్సిటీ, ఊరు, సంవత్సరం చెప్పను. తెలంగాణలో, కోవిడ్‌కు ముందు జరిగిందని మాత్రం అనుకోండి. మార్కుల అంకెలు కూడా లెక్క తేలడానికి సరిపోయేంత మేరకే అసలువాటికి దగ్గరగా ఉంచాను.

నేపథ్యం

ఇంజనీరింగ్‌లో చేరాలంటే ఇంటర్ పాసైతే చాలదు. ఎంపీసీ సబ్జెక్టులు మూడూ కలిపి ఓసీ అభ్యర్థికి 45 శాతం, రిజర్వేషన్ వర్గానికి చెందిన అభ్యర్థికి 40 శాతం రావాలి. ఇంటర్ మెమో మొత్తం 1000 మార్కులకు. అందులో లెక్కలకు 300, ఫిజిక్స్‌కు 150, కెమిస్ట్రీకి 150, ప్రాక్టికల్స్‌తో కలిపి. ఇది 600. మిగతా 400 ఇంగ్లిషు, సెకండ్ లాంగ్వేజీలవి. 600లో 45 శాతం అంటే 270 మార్కులు. 40 శాతం అంటే 240.

ఇప్పుడు ఆ అమ్మాయి మెమో చూడండి. లెక్కలు నాలుగు పేపర్లకు కలిపి 117. ఫిజిక్స్ 72, కెమిస్ట్రీ 73. ఆ రెండింటిలోనూ ప్రాక్టికల్స్‌వే 28 చొప్పున. గ్రూపు మొత్తం 262, అంటే 43.67 శాతం. ఇక సంస్కృతంలో రెండేళ్లకు 195, ఇంగ్లిషులో 162. అన్నీ కలిపితే 619. మెమో అడుగున బి గ్రేడు. కాలేజీ అడ్మిషన్ కౌంటర్లో కూర్చున్న క్లర్కు కన్ను పడింది ఈ 619 మీదే. "శాతం" అన్న గడిలో 61.9 అని కొట్టాడు. గ్రూపు మార్కులకు వేరే గడి ఉంది. అందులోనూ అదే అంకె. సంస్కృతం మార్కుల కింద లెక్కల మార్కులు కనపడకుండా పోయాయి. మన దగ్గర ఇంటర్ చదివిన ఎవరికైనా ఇది ఎలా జరుగుతుందో విడమరిచి చెప్పక్కర్లేదు.

ప్రైవేటు కాలేజీలు మేనేజ్‌మెంట్ సీట్లలో చేర్చుకున్నవాళ్ల జాబితాను, మెమోల జిరాక్సులతో సహా పైకి పంపాలి. పైవాళ్లు పరిశీలించి రాటిఫై చేయాలి, అంటే ఆ అడ్మిషన్లను ఆమోదించాలి. ఈ పని ఫస్టియర్‌లోనే తేలాలి. ఇక్కడ మూడో సంవత్సరం రెండో సెమిస్టర్ దాకా తేలలేదు. ఈలోగా యూనివర్సిటీ ఐదు సెమిస్టర్లకు హాల్ టికెట్లు ఇచ్చింది, పరీక్షలు పెట్టింది, మార్కుల మెమోలూ ఇచ్చింది.

కేసు నా దగ్గరికి వచ్చేసరికి

త్రీ-టూ (మూడో సంవత్సరం రెండో సెమిస్టర్) పరీక్షలకు పన్నెండు రోజులుంది. కాలేజీ నోటీసు బోర్డు మీద 11 పేర్లు అంటించారు, రాటిఫై కాలేదు, హాల్ టికెట్లు రావు అని. అమ్మాయి, వాళ్ల నాన్న, ఆమె క్లాస్‌మేటు, అతని నాన్న కలిసి వచ్చారు. అప్పటికే ప్రిన్సిపాల్ "చూద్దాం, మాట్లాడతాం" అంటూ మూడు వారాలు గడిపేశాడు. యూనివర్సిటీ సెక్షన్‌లో ఇచ్చిన దరఖాస్తుకు ఇన్‌వర్డ్ నంబరు తప్ప ఇంకేమీ రాలేదు. ఎవరో కన్స్యూమర్ ఫోరానికి వెళ్లమన్నారట. అది వద్దని అక్కడికక్కడే చెప్పాను. ఎం.ఏ. చదువుతూనే బీఈడీ కూడా చేసిన ఒక విద్యార్థిని, మహర్షి దయానంద్ యూనివర్సిటీ మీద అలాగే వినియోగదారుల కమిషన్‌కు వెళ్లి గెలిచింది. 2010లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. పరీక్షలు పెట్టే యూనివర్సిటీ సేవ అమ్మే సంస్థ కాదు, విద్యార్థి వినియోగదారు కాదు అంది. చట్టానికి విరుద్ధంగా ఎస్టాపెల్ (ఒకసారి ఒప్పుకున్నాక వెనక్కి తిరగకూడదన్న సూత్రం) ఉండదని కూడా అదే తీర్పులో ఉంది.

అమ్మాయి వాళ్ల నాన్న అడిగింది ఒక్కటే.

"మేడం, మేం ఏం దాచలే. బోర్డు ఇచ్చిన మెమోలే ఇచ్చినం. చూసుకోవాల్సింది వాళ్లు గదా? మూడేండ్లు ఫీజు కట్టించుకొని ఇప్పుడు చెప్తే ఎట్ల?"

ఇది న్యాయమైన ప్రశ్న. దీనికి సుప్రీంకోర్టు 1975 నుంచి రెండు రకాల జవాబులిస్తూ వస్తోంది. ఈ కేసులో నేను తీసుకున్న ప్రతి నిర్ణయమూ ఆ రెండింటి మధ్య నలిగింది కాబట్టి ఇక్కడ కొంచెం ఆగాలి.

విద్యార్థుల వైపున్న తీర్పుల్లో మొదటిది 1975 నాటి కురుక్షేత్ర యూనివర్సిటీ కేసు. తగినంత హాజరు లేని లా విద్యార్థి ఒకతన్ని పరీక్షకు కూర్చోనిచ్చారు, ఆ తర్వాత అభ్యర్థిత్వం రద్దు చేశారు. హాజరు పట్టీ మీ చేతిలోనే ఉన్నప్పుడు చూసుకోకపోవడం మీ నిర్లక్ష్యం, దాన్ని విద్యార్థి మోసం అనడానికి వీల్లేదు అని కోర్టు చెప్పింది. 1986లో కర్ణాటక యూనివర్సిటీ కేసు వచ్చింది. ప్రైవేటు ఇంజనీరింగ్ కాలేజీలు అర్హత లేనివాళ్లను చేర్చుకున్నాయి. వాళ్లకు అర్హత లేదనే జస్టిస్ పి.ఎన్. భగవతి ధర్మాసనం తేల్చింది. అయినా తప్పు కాలేజీలది, పిల్లలది కాదు కాబట్టి చదువు కొనసాగించనివ్వమంది. 1990 నాటిది బెర్హంపూర్ యూనివర్సిటీ కేసు. మన తెలుగువాళ్లు ఎంతోమంది ఉన్న బరంపురమే అది. మార్కుల మెమో ముందే ఇచ్చి లా కోర్సులో చేరిన విద్యార్థి ఫలితాన్ని, అర్హత లేదంటూ తర్వాత ఆపారు. సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. రిట్లలో అందరూ మొదట పెట్టేది ఈ తీర్పునే.

రెండో వైపు ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లిన కేసు ఒకటుంది. అదే 1986లో, అనుమతి లేకుండా పెట్టిన మెడికల్ కాలేజీలో చేరిన విద్యార్థులను పరీక్ష రాయనివ్వమని ఒక క్రిస్టియన్ మెడికల్ ఎడ్యుకేషనల్ సొసైటీ అడిగింది. జస్టిస్ ఓ. చిన్నప్పరెడ్డి కాదన్నారు. ఏ చట్టం వల్ల యూనివర్సిటీ పుట్టిందో ఆ చట్టాన్నే మీరమని మేం ఆదేశించలేం అన్నారు. 1993లో గురునానక్ దేవ్ యూనివర్సిటీ కేసులో, అర్హత తేలకుండానే జాలిపడి మధ్యంతర ఉత్తర్వులిచ్చే అలవాటును గట్టిగా తప్పుపట్టారు. 2011లో విశ్వేశ్వరయ్య టెక్నలాజికల్ యూనివర్సిటీ కేసులో, సీట్లు మిగిలిపోతున్నాయని కనీస మార్కుల నిబంధనను సడలించడం కుదరదన్నారు. మా కేసు పోలికలన్నీ ఈ చివరిదానితోనే ఉన్నాయి. అదీ ఇంజనీరింగ్, ఇక్కడా ఇంజనీరింగ్. అక్కడా వివాదం కనీస మార్కుల మీదే.

నేను చేసిన మొదటి పని, అందులో తప్పు

పన్నెండు రోజులే గడువు. ఇద్దరిదీ ఒకే నోటీసు, ఒకే కాలేజీ. ఇద్దర్నీ కలిపి హైకోర్టులో ఒకే రిట్ వేశాను. వాదన కూడా ఒకటే పెట్టాను: దాచింది లేదు, మెమో మీ దగ్గరే ఉంది, ఐదు సెమిస్టర్లు రాయనిచ్చారు, ఇప్పుడు ఆపకూడదు. నోటీసు ఇవ్వలేదు, వినలేదు అన్న అంశాన్ని కావాలనే వెనక పెట్టాను. దాని మీద గెలిస్తే ఏమవుతుంది? పదిహేను రోజుల్లో నోటీసు ఇచ్చి, విని, అదే ఉత్తర్వు మళ్లీ ఇస్తారు. కక్షిదారుకు మిగిలేది పదిహేను రోజులే.

లంచ్ మోషన్ (అదే రోజు మధ్యాహ్నం అత్యవసరంగా వినడం) అడిగితే దొరికింది. యూనివర్సిటీ తరఫు వకీలు (స్టాండింగ్ కౌన్సిల్) 1993 తీర్పు పట్టుకుని లేచారు. జడ్జిగారు ఆయన చెప్పింది విన్నాక నా వైపు తిరిగి, "ఇద్దరికీ అర్హత ఉందా, లేదా? అది చెప్పండి ముందు" అన్నారు.

నా దగ్గర సూటి జవాబు లేదు. "పిల్లల తప్పు లేదు మై లార్డ్" అన్నాను. అడిగింది అది కాదు.

పరీక్ష రాయనివ్వమని ఉత్తర్వు వచ్చింది. ఫలితాలు సీల్డ్ కవర్లో ఉంచాలి, ఈ ఉత్తర్వు ఆధారంగా పిటిషనర్లు తర్వాత ఏ హక్కూ కోరరాదు అన్న షరతుతో. ఇళ్లలో సంబరం చేసుకున్నారు. అబ్బాయి వాళ్ల నాన్న స్వీట్లు పట్టుకొచ్చారు. ఆ షరతు అర్థమేమిటో నేను ఆ రోజే కూర్చోబెట్టి చెప్పాల్సింది. పరీక్షల ఒత్తిడిలో ఉన్నారు కదా, తర్వాత చెప్దామనుకున్నాను. అలా అనుకోవడం తప్పు. మధ్యంతర ఉత్తర్వును సగం గెలుపు అనుకున్నవాళ్లు ఇంకో ఏడాది ఫీజు కట్టేస్తారు. వీళ్లూ కట్టారు.

స్కాలర్‌షిప్ మాట

పరీక్షలయ్యాక రిప్లై అఫిడవిట్‌కు కాగితాలు సర్దడానికి అమ్మాయిని రమ్మన్నాను. బెర్హంపూర్ తీర్పును ఆ వారం మళ్లీ మొదటి నుంచి చదివాను. అప్పటిదాకా అందులోంచి నాకు కావాల్సిన రెండు పేరాలే చదివేదాన్ని. మొత్తం చదివితే తెలిసింది ఏమిటంటే, యూనివర్సిటీ ఇప్పుడు కాదనకూడదు అని మాత్రమే ఆ కోర్టు అనలేదు. ఎం.ఏ. మార్కులను లెక్కలోకి తీసుకుంటే నిబంధన ప్రకారం ఆ విద్యార్థికి అసలు అర్హత ఉందని కూడా చూసింది. పైగా అక్కడి ప్రిన్సిపాలే అర్హత విషయాన్ని యూనివర్సిటీ ముందు లేవనెత్తాడు. అంత తెలిసీ యూనివర్సిటీ హాల్ టికెట్ ఇచ్చింది. మా కేసులో ఎవరూ ఎవర్నీ అడిగింది లేదు. నేను నమ్ముకున్న తీర్పు కూడా జడ్జిగారు వేసిన ప్రశ్ననే మొదట వేసుకుంది.

అప్పుడే ఆ అమ్మాయి ఫీజు రసీదులు వరసగా పెడుతూ మామూలుగా అంది: "ఇంటర్‌లో నాకు స్కాలర్‌షిప్ వచ్చేది మేడం. బీటెక్‌లో మేనేజ్‌మెంట్ సీటు కదా, రాదన్నారు."

"ఏ స్కాలర్‌షిప్?"

"ఈ-పాస్‌లో. బీసీ-డి కింద."

కాలేజీ అప్‌లోడ్ చేసిన జాబితాలో ఆమె పేరు పక్కన ఓసీ అని ఉంది. నా రిట్ అఫిడవిట్‌లో నేనూ దాన్ని అలాగే ఎత్తి రాశాను. మూడు నెలలుగా ఫైల్ నా టేబుల్ మీదే ఉంది. కులం ఏమిటని ఒక్కసారి కూడా అడగలేదు. మేనేజ్‌మెంట్ కోటాలో రిజర్వేషన్ లేదు, ఫీజు రీయింబర్స్‌మెంట్ లేదు. దాంతో ఆ గడికి ఎవరూ విలువ ఇవ్వలేదు. క్లర్కు అందరికీ ఓసీ అని నింపుకుంటూ పోయాడు. నేనూ దాని మీదే నడిచాను.

ఆమె బీసీ అయితే కావాల్సింది 270 కాదు, 240. ఆమెకు వచ్చినవి 262.

ఆ సాయంత్రం నేను కేసు మొత్తాన్ని తిరగేయాల్సి వచ్చింది. అంతవరకు "అర్హత లేకపోయినా కనికరించండి" అని అడుగుతున్న అమ్మాయి తరఫున, ఇక "అర్హత ఉంది, మీరే తప్పు చూశారు" అని చెప్పాలి. కాలేజీ దగ్గరున్న అసలు దరఖాస్తు ఫారం కావాలి. అడిగితే ఇవ్వరు, ఇచ్చినా ఏది ఇస్తారో తెలియదు. కాలేజీ ప్రైవేటుది, యూనివర్సిటీ మాత్రం ప్రైవేటుది కాదు. అందుకని రాటిఫికేషన్ కోసం కాలేజీ పంపిన పత్రాలన్నిటి నకళ్లూ ఇవ్వమని యూనివర్సిటీకే సమాచార హక్కు దరఖాస్తు పెట్టించాను. నెల పట్టింది. వచ్చిన కట్టలో దరఖాస్తు ఫారం ఉంది. కులం అన్న చోట నీలి ఇంకుతో, ఆమె చేతిరాతతోనే "బీసీ-డి" అని ఉంది. వెనక పదో తరగతి టీసీ జిరాక్సు. అందులోనూ అదే. మెమో జిరాక్సు మీద యూనివర్సిటీ ఇన్‌వర్డ్ ముద్ర, ఆమె ఫస్టియర్ నవంబరు తేదీతో. అంటే ఈ కాగితాలన్నీ రెండున్నరేళ్లుగా వాళ్ల బీరువాలోనే ఉన్నాయి.

అదే కట్టలో అబ్బాయి కాగితాలు కూడా వచ్చాయి. కులం: ఓసీ. అది నిజమే. మెమో జిరాక్సు అంచున పెన్సిల్‌తో ఎవరో కూడిన లెక్క ఉంది. మూడు అంకెలు ఒకదాని కింద ఒకటి, గీత, దాని కింద 266. ఆ కింద ఇంకేమీ రాయలేదు.

విడదీయడం

ఇద్దరినీ ఒకే రిట్‌లో ఉంచడం ఇక కుదరదని ఆ పెన్సిల్ లెక్క చూసిన రోజే తేలిపోయింది. అమ్మాయి వాదన నిలవాలంటే నేను నిబంధనను అక్షరం వదలకుండా చదవమనాలి. అబ్బాయి వాదన నిలవాలంటే అదే నిబంధనను కొంచెం పక్కన పెట్టమనాలి. ఒకే నోటితో ఒకే రోజు ఈ రెండూ చెబితే రెండూ పలచబడతాయి. అంతకంటే పెద్ద మాట, ఇద్దరి ప్రయోజనాలూ ఎదురెదురుగా ఉన్నప్పుడు ఇద్దరికీ ఒకే వకీలు ఉండకూడదు.

అబ్బాయిని, వాళ్ల నాన్నను పిలిచి చెప్పాను. నా వృత్తిలో నేను చేసిన కష్టమైన సంభాషణల్లో అదొకటి.

"ఆ పిల్ల కన్న మావోనికి నాలుగు మార్కులు ఎక్కువే గదా మేడం" అన్నారాయన. కోపంగా కూడా కాదు, అర్థం కాక.

"ఆమె దాటాల్సింది 240 అండీ. బాబుది 270. ఆ తేడా నిబంధనలోనే ఉంది, నేను పెట్టింది కాదు."

"నాలుగు మార్కులే గద తక్కువ. రౌండ్ చేస్తే రాదా?"

266ను శాతంలోకి మారిస్తే 44.33. దాన్ని మామూలుగా రౌండ్ చేస్తే 44 అవుతుంది. పైగా రౌండ్ చేయడానికి నిబంధనలో చోటుండాలి, ఇక్కడ లేదు. అది చెప్పాను. ఆయన చాలాసేపు మెమోనే చూస్తూ కూర్చున్నారు. అబ్బాయి మాత్రం, "నాన్నా, మేడం చెప్పేది కరెక్టే" అన్నాడు. ఫైలు, నా దగ్గరున్న తీర్పులు, పెన్సిల్ లెక్క ఉన్న జిరాక్సు అన్నీ ఇచ్చి, ఇలాంటి కేసులు బాగా చేసే ఇంకో న్యాయవాది దగ్గరికి పంపాను. కోర్టు అనుమతితో రెండో పిటిషనర్‌ను తప్పించి, విడిగా రిట్ వేసుకునే స్వేచ్ఛ తీసుకున్నాం. కొత్త రిట్‌లోనూ అతనికి పరీక్షలు రాసే ఉత్తర్వు వచ్చింది, పాత షరతులతోనే.

అమ్మాయి కేసు ఎలా నిలిచింది

అఫిడవిట్‌లో ఓసీ అని రాసిన పొరపాటును నేనే ముందుగా అదనపు అఫిడవిట్‌తో సరిదిద్దాను. అవతలివాళ్లు పట్టుకునేదాకా ఆగితే అది ఆమె అబద్ధంగా కనబడేది.

యూనివర్సిటీ తన కౌంటర్ అఫిడవిట్‌లో మూడు అభ్యంతరాలు పెట్టింది. మేనేజ్‌మెంట్ కోటాలో రిజర్వేషన్ లేదు, కాబట్టి 40 శాతం సడలింపు వర్తించదు. తహసీల్దారు ఇచ్చిన కుల ధ్రువీకరణ పత్రం అడ్మిషన్ తర్వాతి తేదీది. కాలేజీ పంపిన డేటాలో ఓసీ అని ఉంది.

మొదటిదాని మీదే ఎక్కువసేపు వాదన నడిచింది. నేను నిబంధన మాటల్నే చదివి వినిపించాను. సడలింపు "రిజర్వేషన్ వర్గానికి చెందిన అభ్యర్థికి" అని ఉంది. "రిజర్వ్ చేసిన సీటుకు" అని లేదు. సీటు ఏ కోటాలోదన్నది ఒక ప్రశ్న, మనిషి ఏ వర్గానికి చెందిందన్నది ఇంకో ప్రశ్న. మేనేజ్‌మెంట్ సీటులో రిజర్వేషన్ లేదంటే, బీసీ అయినందుకు సీటు ఇవ్వరని అర్థం. చేరగానే ఆమె బీసీ కాకుండా పోతుందని కాదు. ఈ వాదన ప్రతి కోర్సులో నిలుస్తుందని అనుకోవద్దు. ఆ కోర్సు నిబంధనలో ఏ మాట వాడారో దాని మీద ఉంటుంది. కొన్ని చోట్ల సడలింపును సీటుకే కట్టేస్తారు. అందుకే నియమావళి అసలు ప్రతి తెచ్చుకుని చదవాలి. ప్రాస్పెక్టస్‌లో వేసిన సారాంశం మీద వాదించకూడదు.

రెండోదానికి 2005 నాటి ఒడిశా మెడికల్ ఎంట్రన్స్ తీర్పు ఆసరా అయింది. అక్కడ మాజీ సైనికుడి కుమార్తెకు జిల్లా సైనిక బోర్డు ఇచ్చిన పత్రంలో పొరపాటు దొర్లింది. అర్హత గడువు నాటికి ఉండి తీరాలి, దానికి రుజువు తర్వాత ఇవ్వడాన్ని మాత్రం పరిస్థితిని బట్టి చూడాలి అని సుప్రీంకోర్టు చెప్పింది. ఆమె బీటెక్‌లో చేరకముందే ఇంటర్‌లో రెండేళ్లు ఈ-పాస్ స్కాలర్‌షిప్ పొందింది. ప్రభుత్వమే ఆమెను బీసీ అని అప్పుడే ఒప్పుకుంది. కొత్త పత్రం పాత నిజానికి రుజువే. మూడోదానికి నీలి ఇంకు చాలు.

అక్టోబరులో తీర్పు వచ్చింది. రెండు వారాల్లో రాటిఫై చేసి, ఆపిన ఫలితం ప్రకటించమని. అందులో జాలి అన్న మాట ఒక్కచోట కూడా లేదు. నాకు అన్నిటికంటే తృప్తినిచ్చింది అదే. దయతో వచ్చిన ఉత్తర్వైతే అప్పీలులో వణికేది. యూనివర్సిటీ అప్పీలుకు వెళ్లలేదు.

అబ్బాయి కేసు

అతని న్యాయవాది బాగా వాదించారు. ఆ వాయిదాలకు నేను వెనక వరసలో కూర్చున్నాను. కురుక్షేత్ర, కర్ణాటక, బెర్హంపూర్ మూడూ పెట్టారు. పెన్సిల్ లెక్క చూపించారు. ఎవరో ఒకరు ఈ మొత్తం కూడి చూశారు, చూసి కూడా ఊరుకున్నారు అన్నారు. మెమో కాలేజీ నుంచే వచ్చింది కాబట్టి అది కాలేజీ మనిషి రాత కావచ్చు. రాసింది తామేనని గానీ కాదని గానీ యూనివర్సిటీ చెప్పలేదు. కాలేజీ వాళ్ల వకీలు దాని గురించి మాట్లాడనే లేదు.

ఫిబ్రవరిలో రిట్ కొట్టేశారు. కనీస మార్కుల నిబంధనలో సందేహానికి చోటు లేదని, 2011 తీర్పు ఉండగా దాన్ని దాటలేమని, తప్పు కాలేజీదైతే ఫీజు, నష్టపరిహారం కోసం విడిగా కాలేజీ మీద వెళ్లవచ్చని అందులో ఉంది. అప్పటికి అతను ఫోర్-వన్ కూడా రాసేశాడు. కర్ణాటక తీర్పు ఇంకా చెల్లుతూనే ఉంది. అయినా దాన్ని ఆసరా చేసుకుని ఇంజనీరింగ్‌లో నిలబడటం ఇప్పుడు ఎంత కష్టమో ఆ రోజు చూశాను. అప్పీలుకు వెళ్లాలా అని కుటుంబం పదిరోజులు ఆలోచించి వద్దనుకుంది. ఇంకో రెండేళ్లు పోతాయని.

పెన్సిల్ లెక్క చివరకు ఉపయోగపడింది కాలేజీ దగ్గర. ఆ జిరాక్సు జతచేసి లీగల్ నోటీసు పంపాక, అప్పటిదాకా ఫోను ఎత్తని మేనేజ్‌మెంట్ మాట్లాడటానికి పిలిచింది. ట్యూషన్ ఫీజు మొత్తం రెండు విడతల్లో తిరిగి ఇచ్చారు. ఒరిజినల్స్ ఇవ్వడానికి మాత్రం "నో డ్యూస్" అంటూ మరో మూడు వారాలు తిప్పారు.

ఆ తర్వాత నేను మార్చుకున్నవి

ఇలాంటి కేసు వస్తే ఇప్పుడు మొదటి రోజే నాలుగు కాగితాలు టేబుల్ మీద పెట్టమంటాను: అసలు మెమో, పదో తరగతి టీసీ, కాలేజీకి ఇచ్చిన దరఖాస్తు నకలు, ఏ స్కాలర్‌షిప్‌కైనా పెట్టిన దరఖాస్తు. లెక్క నేనే కూడతాను, వాళ్ల ఎదురుగానే. కులం, స్థానికత, వైకల్యం, సైనిక కుటుంబం, ఏ గడిలో ఏ సడలింపు దాగి ఉందో ఒక్కొక్కటే అడుగుతాను. అర్హత ఉందని తేలితే కేసు ఒక రకం. లేదని తేలితే ఎవరికి ఎప్పుడు తెలుసు, ఎవరు అడిగారు, ఎవరు జవాబివ్వకుండా ఊరుకున్నారు అన్న దాని మీద నడిచే ఇంకో రకం. రెండో రకం కేసులో కోర్టులు ఒకప్పటికంటే ఇప్పుడు చాలా బిగువుగా ఉంటాయి. ఆ మాట దాచకుండా చెబుతాను. మధ్యంతర ఉత్తర్వులోని షరతును ఆ రోజే తెలుగులో రాసి సంతకం తీసుకుంటాను. ఉత్తర్వు వచ్చింది కదా అని తర్వాతి ఏడాది ఫీజు కట్టేముందు నాకు ఫోన్ చేయమంటాను.

తల్లిదండ్రులతో చెప్పేది వేరే. చేరిన మొదటి నెలలోనే మెమో తీసుకుని భాషల మార్కులు పక్కన పెట్టి, గ్రూపు మార్కులు మీరే కూడండి. 270కో 240కో తగ్గితే సీటు దొరికిందన్న సంతోషంలో ఊరుకోవద్దు. రాటిఫికేషన్ అయిందా అని కాలేజీని, యూనివర్సిటీని రాతపూర్వకంగా అడగండి. ఇన్‌వర్డ్ ముద్ర ఉన్న నకలు దగ్గర పెట్టుకోండి. ఆ అబ్బాయికి నాలుగు మార్కుల సంగతి ఇంటర్ చదివేటప్పుడే ఎవరైనా చెప్పి ఉంటే, ఫస్టియర్ సబ్జెక్టు ఒక్కటి ఇంప్రూవ్‌మెంట్ రాసేవాడు. ఎవరూ చెప్పలేదు. అతను మంచి విద్యార్థి. బీటెక్‌లో ఒక్క బ్యాక్‌లాగ్ కూడా లేదు.

ఆ జూన్‌లో అతను డిగ్రీ అడ్మిషన్ల పోర్టల్ దోస్త్‌లో దరఖాస్తు పెట్టుకున్నాడు. బీఎస్సీ కంప్యూటర్స్‌లో సీటు వచ్చింది. కాలేజీలో రిపోర్ట్ చేయడానికి ముందురోజు రాత్రి నాకు ఫోన్ చేశాడు.

"మేడం, ఇక్కడ అర్హత ఇంటర్ పాస్ అని ఉంది. నా మెమో వాట్సాప్‌లో పెట్టిన. ఒక్కసారి చూసి చెప్తరా?"

ఆ మెమోలో ప్రతి అంకె నాకు కంఠతా వచ్చు. అయినా ఫోటో తెరిచి, పై నుంచి కింది దాకా చదివి చెప్పాను.